పహాడీ భాషలలో పరిహాసము, శబ్దక్రీడ

హిమాలయ పర్వతశ్రేణి దక్షిణపు వాలులలో, పడమట చంబా ప్రాంతము మొదలుకొని తూర్పున నేపాళముదాక వ్యవహారములోనున్న ఆర్యభాషల సమూహమునకు 'పహాడీ' యని పేరు. పహాడ్ అనగా కొండ. ఇది యొక భాష పేరు కాదు. భాషాశాస్త్రజ్ఞులు సౌకర్యార్థము వాడుకొను సమష్టినామము. జార్జి గ్రియర్సన్ తన భారతభాషా పరిశీలన గ్రంథమున తొమ్మిదవ సంపుటములోని నాలుగవ భాగమును (1916) ఈ భాషలకును గుజురీకిని కేటాయించి, పహాడీని తూర్పు, మధ్య, పశ్చిమ శాఖలుగా విభజించెను. తూర్పు శాఖ నేపాలీ. మధ్యశాఖ కుమావూనీ, గఢ్వాలీ. పశ్చిమశాఖలో చంబ్యాలీ, సిర్మౌరీ, జౌన్సారీ మొదలగు పెక్కు మాండలికములు గలవు. పూంఛ్, మీర్పూరు ప్రాంతములవారును తమ భాషను పహాడీ యనియే చెప్పుకొందురు గాని, యది లహందాకు సన్నిహితమైన వేఱొక భాష. దాని ప్రసక్తి యిచట లేదు. హాస్యమునకు సంబంధించి నాకు పరిచితమైన సామగ్రి కుమావూనీ నేపాలీలలో ఎక్కువగా నుండుటచే ఈ వ్యాసము ప్రధానముగ వానినే ఆశ్రయించినది.

కొండవారి హాస్యమును గూర్చి వ్రాయువారు సామాన్యముగ 'నిర్మలము', 'అమాయకము' అను రెండు విశేషణములతో సరిపెట్టుకొందురు. ఈ విశేషణములు వాడినవారిలో పెక్కురు ఆ హాస్యమును అనువాదమున చదివినవారే యైయుందురని నా యనుమానము. అనువాదమున విషయము మాత్రము వచ్చును: రొట్టె, పెనము, కాకి, వదినె, దోమ. ఇవి యన్నియు నిజముగ అమాయకములే. కాని ఆ మాట నవ్వు పుట్టించునది విషయముచేత కాదు. ఒక శబ్దము మఱియొక శబ్దమును వెంటనీడ్చుకొని వచ్చుటచేత. ఆ వచ్చిన రెండవ శబ్దము ఒక్కొక్కప్పుడు చెప్పరాని సంగతిని చెప్పును. మనకు శబ్దక్రీడ యనగానే శ్లేషకావ్యములు, ద్వ్యర్థికావ్యములు, చిత్రకవిత్వము స్ఫురించును. అది పండితుని విద్య యని మన సంస్కారము. కొండలలో నది పసివాండ్రకును, గడ్డికోయు స్త్రీలకును, ఆస్థానకవికిని ఉమ్మడి సొత్తుగ నున్నది. ఈ వ్యాసమున పొడుపుకథతో ఆరంభించి ఆస్థానకవిదాక పోయి మరల పసివాండ్రకడకు రాదలచితిని.

పొడుపుకథను కుమావూనీలో 'ఆణ్' అందురు. గఢ్వాలీలో 'ఆణా' యని వ్యవహారము. 'ఆణా-పఖాణా' యని జంటగ వాడుటయు గలదు. పఖాణా యనగా సామెత. ఆణ్ శబ్దము సంస్కృత 'ఆభాణక' శబ్దభవమనియు, పఖాణా 'ఉపాఖ్యాన' సంబంధి యనియు ఊహింపవచ్చును. ఆభాణకమనగా సంస్కృతమున లోకోక్తి యని యర్థము. లోకోక్తి పేరు పొడుపుకథకు సంక్రమించుట చిత్రముగ దోచును గాని, రెంటికిని మూలము ఒక్కటే: నేరుగ చెప్పక చాటుగ చెప్పుట. మన తెలుగులో 'పొడుచుట', 'విప్పుట' యను క్రియలు పొడుపుకథను ముడిగ భావించుచున్నవి. కొండభాషల పేరులో ముడి లేదు. కేవలము 'చెప్పినది' యని మాత్రమే కలదు.

కుమావూనీ ఆణ్‌లు చాలవఱకు చిన్నవి. రెండు సమభాగములు, వాని చివరల నొక పోలిక. శీతకాలపు రాత్రులలో పొయ్యిచుట్టును కూర్చుండి చెప్పుకొను ఈ పొడుపులలో పొయ్యియు, పొయ్యిపై నున్నదియు వస్తువులగుట సహజము. నల్లని నత్తు, దానికి తెల్లని బొట్టు అని యొకటి: పెనమును, దానిమీద పడిన రొట్టెయు. నీళ్లు త్రాగబోవునది తెల్లగుఱ్ఱము, త్రాగి వచ్చునది ఎఱ్ఱగుఱ్ఱము అని యింకొకటి: నూనెలో వేగు పూరీ. ఈ రెండవదానిలోని చమత్కారము రంగు మాఱుటలో మాత్రమే లేదు. కొండయూళ్లలో నీరు ఇంటికడ నుండదు. మనుష్యులుగాని పశువులుగాని వాలు దిగి ఊటకడకు పోయి మరల నెక్కి రావలయును. దినమున కెన్నిమారులో జరుగు ఈ శ్రమ పండుగనాటి మూకుటిలో ఆటగ మాఱినది. గుఱ్ఱములు పోయి వచ్చుచున్నవి గాని, బిందె మోయువారెవ్వరును లేరు.

పళ్లెమునిండ నాణెములు, లెక్కింప శక్యముగాదు అను ఆణ్ నక్షత్రములను గూర్చినది. దీనిని చదివిన తెలుగువానికి మన పొడుపుకథ జ్ఞప్తికి రాకపోదు. మనకు ఆకాశము మడవరాని తల్లిచీర; చుక్కలు లెక్కింపరాని తండ్రిరూకలు. పోలిక యింత దగ్గఱగ నున్నను ఒకదానినుండి యొకటి పుట్టినదని నేననను. చుక్కలను నాణెములతో పోల్చుట ఎవరికైనను తట్టగలదు. పరిశీలింపవలసినది భేదము. తెలుగు పొడుపుకథ ఆకాశమును ఒక కుటుంబమును జేసినది. కుమావూనీ ఆణ్ దానిని భోజనపు పళ్లెము చేసి యన్నమునకు బదులు డబ్బు వడ్డించినది.

నేపాలీలో పొడుపుకథకు 'గావ్ ఖానే కథా' యని పేరు. గావ్ అనగా ఊరు, ఖానే యనగా తినునట్టి. 'ఊరు తిను కథ' యను ఈ విచిత్రనామమును గూర్చి కొంత విస్తరించి చెప్పవలసియున్నది. ఆట యిట్లుండును. ఒకడు పొడుచును, రెండవవాడు విప్పలేకపోయినచో ఓటమి నొప్పుకొని మొదటివానికి ఒక ఊరు నీయవలయును. 'ఏ యూరిత్తువు?' అని యడిగినప్పుడు ఓడినవాడు ఊరిపేరు చెప్పును. గెలిచినవాడు, చిన్నయూరైనచో నొప్పుకొనక, పెద్దది కావలెనని బేరమాడును. ఊరు చేతికి వచ్చినపిమ్మట అతడు దానిని 'తినును': ఆ యూరిలోని మేలివస్తువులన్నియు తన పాలు, కుళ్లినవియు పాడైనవియు ఓడినవాని పాలు అని వల్లించును. అందఱును నవ్వుదురు. అప్పుడు గాని విప్పు చెప్పబడదు.

ఊరు తినుట యేమి? నేపాలీలో 'ఖాను' అను క్రియకు భుజించుట యొక్కటియే యర్థము కాదు. నీరు త్రాగుటయు, చుట్ట పీల్చుటయు ఈ క్రియతోనే చెప్పుదురు. లంచము, తిట్లు, దెబ్బలు తినుట మనకును గలదు. కాని నేపాలీలో ఉద్యోగము చేయుటను గూడ 'జాగీర్ ఖాను', అనగా జాగీరు తినుట యందురు. ఈ పలుకుబడి నేటికిని నిలిచియున్నది. పూర్వము నేపాళరాజ్యమున ఉద్యోగులకును సైనికులకును జీతమునకు బదులు భూములమీది ఆదాయము జాగీరుగ నీయబడుచుండెను. 1951లో రాణాల పాలన అంతమైన పిమ్మట జాగీరు పద్ధతియు, 1959 నాటి శాసనముచే బిర్తా యను ఈనాముల పద్ధతియు రద్దయ్యెను. జాగీరు పొందినవాడు నిజముగ ఊరిని 'తినెడివాడు'. మేలి ధాన్యము వానిది, మిగిలినది రైతుది. పిల్లల యాటలో గెలిచినవాడు వల్లించు పంపకము సరిగ్గ నిదియే.

ఈ రూపకము నేపాళమునకు మాత్రమే పరిమితమైనది కాదు. పాలీ జాతకకథలలో గ్రామాధికారికి 'గామభోజక' యని పేరు. ఐతరేయ బ్రాహ్మణమున అభిషిక్తుడైన రాజును ప్రజలను తినువానిగ వర్ణించు మాట కలదు. సంస్కృత భుజ్ ధాతువునకు తినుట, అనుభవించుట అను రెండర్థములును గలవు. మన 'భుక్తి', 'భోగము' లందు రెండును గలిసియున్నవి. అయితే అచట గంభీరముగ చెప్పబడిన మాట యిచట పొయ్యికడ పిల్లలనోట నవ్వులాటగ వినబడుచున్నది. పొడుపు విప్పలేనివాడు ఊరు పోగొట్టుకొనుటయనగా, తెలివిలేనివానికి ఆస్తి నిలువదని చెప్పుట. దీనిని పిల్లలు తెలిసి యనుచున్నారని నేననుట లేదు. ఆటను గట్టినవారికి జాగీరుదారుడు తెలియునని మాత్రము నా యభిప్రాయము.

ఇక లిఖితసాహిత్యము. కుమావూనీ హాస్యమునకు ఆద్యుడుగ చెప్పదగినవాడు 'గుమానీ' యను పేర ప్రసిద్ధుడైన లోకరత్న పంత్ (1790–1846). ఇతడు కాశీపురమున జన్మించెను. సంస్కృతము, హిందీ, కుమావూనీ, నేపాలీలలో కవిత్వము చెప్పెను. ఇతడు పుట్టిన సంవత్సరమే గూర్ఖాలు అల్మోడాను ఆక్రమించుకొనిరి. ఇరువదియైదేండ్లు వారి పాలన. 1815 నుండి ఆంగ్లేయుల పాలన. ఆ విధముగ నొక్క జీవితకాలములో రెండు పరపాలనములను జూచిన కవి యతడు. ఈ చరిత్ర యెఱుగనిచో అతని హాస్యము వట్టి వినోదముగ గనుపించును.

అతడు కొండపండ్లమీద చెప్పిన పద్యములు ప్రసిద్ధములు. కాఫల్ అను చిన్నపండు వేసవి ప్రారంభమున అడవులలో పండును. పచ్చనిది ఎఱ్ఱబడి, పండినకొలది నలుపుదేఱును. గుమానీ పద్యమున ఈ పండ్లే తమ గోడు చెప్పుకొనును: తాము ఇంద్రుని భోజనమునకు తగినవారమై యుండియు భూలోకమున వచ్చిపడితిమని. ఆ కోపముచే కొన్ని ఎఱ్ఱనైనవట. ముసలివి సిగ్గుచే నల్లబడినవట. ఈ పద్యము శార్దూలవిక్రీడితము. గణములు సంస్కృతలక్షణమునకు సరిపోవును; మన శార్దూలమువలె పదుమూడవ యక్షరమున యతిమైత్రి గాని, ద్వితీయాక్షరప్రాస గాని లేదు. స్వర్గభ్రష్టులైన యక్షుల విలాపమునకు తగిన పెద్ద వృత్తమును గురిగింజయంత పండునకు తొడిగి, లోపల ఇంటిలోని కుమావూనీని నింపుటయే ఇందలి నవ్వునకు మూలము.

హిసాలూ అను మఱియొక పండు ముండ్లపొదలలో కాయును. కోయబోయిన చేతులను గీరును. ఆ పేరునకు గుమానీ చేర్చిన ప్రాస 'రిసాలూ', అనగా కోపిష్ఠి. ఒక్క అక్షరము మార్చినంతమాత్రమున పండు స్వభావము బయటపడినది. అయినను దాని గీరులను ఎవ్వరును తప్పుపట్టరనుచు కవి పాలిచ్చు పశువు తన్నులను ఓర్వవలసినదే యను లోకోక్తితో పద్యమును ముగించును. ఈ లోకోక్తి మన యిండ్లలోను వినబడునదే గనుక వ్యాఖ్యానము అనవసరము.

లోకోక్తిని చివర నిలుపుట అతనికి మిక్కిలి ప్రియమైన పద్ధతి. మూడు పాదములు శుద్ధసంస్కృతమున నడిపి నాలుగవ పాదమున కుమావూనీ, నేపాలీ లేక హిందీ సామెతను వృత్తమున కతికించి విడుచును. మూడు పాదములును విని గంభీరమైన నీతిశ్లోకముగ భావించిన శ్రోతకు తటాలున తన యవ్వ మాట వినబడును. మన సమస్యాపూరణము దీనికి సన్నిహితము. సమస్యాపూరణమున పృచ్ఛకుడు చివరిపాదమునిచ్చి కవిని చిక్కులో పెట్టును. గుమానీకి పృచ్ఛకుడు లోకమే. సామెత యొక్క మాత్రాస్వరూపమును చెడనీయక సంస్కృతవృత్తమున నిముడ్చుట యెంత కష్టమో ఛందస్సు పాఠము చెప్పినవారికి తెలియును.

నాలుగు పాదములు నాలుగు భాషలలోనున్న శార్దూలపద్య మొకటి అతనిది విశేషప్రచారము నొందినది. కొందఱు శివుని పూజింతురు, కొందఱు గణపతిని, కొందఱు భవానిని; గుమానీ మాత్రము రామునియందు రమించునని దాని భావము. మొదటిది హిందీ, రెండవది కుమావూనీ, మూడవది నేపాలీ, నాలుగవది సంస్కృతము. మన పాల్కురికి సోమనాథుడు వృషాధిపశతకమున సంస్కృతముతోపాటు తమిళ కన్నడ మహారాష్ట్ర భాషలలోను పద్యములు రచించుట విద్యార్థులకు తెలిసిన విషయమే. సోమనాథునియందు బహుభాషాపరిచయము శివభక్తి విశ్వవ్యాప్తియను భావమునకు తోడైనది. గుమానీయందు నాలుగుభాషలును ఆ కాలపు కుమావూనులో నిజముగ వినబడిన భాషలు. నేపాలీ అచటికి కావ్యముగ రాలేదు, సైన్యముతో వచ్చినది.

ఆ సైన్యమును గూర్చియు నతడు పద్యము చెప్పెను. గూర్ఖాల పాలనలో ప్రజలచే వెట్టిగా ఖజానాబరువులు మోయించెడివారు. దినదినమును మోసి మోసి యెవ్వని నడినెత్తినను ఒక్క వెండ్రుకయు మిగులలేదనియు, అయినను జనులు ఆ దేశమును విడిచిపోరాయె ననియు దాని తాత్పర్యము. వృత్తము మాలిని. మన ప్రబంధకవులు ఆశ్వాసాంతమున కృతిపతిని సంబోధించి స్తుతించుటకు మాలినిని వాడుట పరిపాటి. గుమానీయు ఇందు గూర్ఖాలీరాజును సంబోధించుచున్నాడు. కాని స్తుతికి బదులు బట్టతలల లెక్క నప్పగించుచున్నాడు. దీనిని చదివి నవ్వనివాడుండడు, నవ్విన తరువాత నెత్తి తడుముకొననివాడును ఉండడు. 'అమాయకహాస్యము' అనువారు ఈ పద్యమును ఏ యరలో నుంచెదరో తెలియదు.

ఇట్టిదే నేపాలీలో ఆదికవిగ గౌరవింపబడు భానుభక్త ఆచార్యుని (1814–1868) అనుభవము. రామాయణమును నేపాలీ పద్యములలోనికి తెచ్చిన ఈ కవి ప్రభుత్వపు లెక్కల వ్యవహారమున చిక్కుపడి కాఠ్మండులోని కుమారీచోక్ కచ్చేరిలో కొంతకాలము నిర్బంధమున నుండెను. అచటినుండి అధికారికి విన్నపముగ చెప్పిన పద్యమున తన సౌఖ్యమును వర్ణించుకొనెను. ప్రతిదినమును తమ పాదదర్శనము లభించుచున్నది గనుక మనసున తాపములేదు. ఖర్చులేకయే రాత్రియంతయు నాట్యము చూచుచున్నాను. దోమలు పాడుచున్నవి, గోమాళ్లు నర్తించుచున్నవి, నేను కూర్చుండి తిలకించుచున్నాను. ఈ గోమాళ్ల నాట్యమునకు వేదిక మరల శార్దూలవిక్రీడితమే. 'పులి యాట' యని యర్థమిచ్చు వృత్తమున పురుగుల యాట!

పద్యమున ఒక్క ఫిర్యాదు మాట లేదు. విన్నపమునందు ఫిర్యాదు లేకుండుటయే దాని నేర్పు. పల్నాటిసీమపై శ్రీనాథునివని ప్రచారములోనున్న చాటువులతో దీనిని పోల్చిచూచిన భేదము తెలియును. ఆ చాటువులలో అసౌకర్యము పొందినవాడు బాటసారి, తిట్టి వెడలిపోగలడు. భానుభక్తుడు వెడలిపోలేడు. అందుచే తిట్టును పొగడ్తగ తిప్పవలసివచ్చినది. కచ్చేరీ అధికారులు పని చేయక 'రేపు, రేపు' అని త్రిప్పుటను గూర్చి అతడే చెప్పిన స్రగ్ధరాపద్యము మఱియొకటి గలదు. నేపాలీలో రేపు అనుటకు 'భోలి' యందురు. పాదాంతమున ఆ 'భోలి'కి జతగ వచ్చిన శబ్దము 'ఝోలీ', అనగా బిచ్చగాని జోలె. రేపు రేపనుచుండగనే ఇల్లు గడచిపోయినది గనుక నేడు జోలెనైన నిప్పింపుడని కోరిక. ఈ రెండు శబ్దముల నడుమ నున్న దూరము ఒక్క హల్లు. సంసారి కొంప కూలుటకును అంతకన్న దూరము లేదు.

ఇంతవఱకు చెప్పిన హాస్యము బలవంతునికి ఎదుట బలహీనుడు ఆడు మాట. ఇండ్లలో ఆడుకొను పరిహాసము వేఱు. అది ఎవరితోనైనను ఆడదగినది కాదు. బంధుత్వము అనుమతి నిచ్చినచోటనే చెల్లును. రాడ్‌క్లిఫ్-బ్రౌన్ 1940లో ఇట్టి 'పరిహాస బాంధవ్యముల'పై వ్రాసిన వ్యాసము సుప్రసిద్ధము. తెలుగుదేశమున ఈ యనుమతికి కేంద్రము మేనరికము. బావ యనగా మేనత్తకొడుకో మేనమామకొడుకో యగును, అక్కమగడును అగును. ఆ ఒక్క శబ్దములోనే పెండ్లికి తగినవాడు, హాస్యమాడదగినవాడు కలిసియున్నారు. కుమావూనీ సమాజమున మేనరికము లేదు. మేనమామ కూతురు చెల్లెలే. కావున మన యిండ్లలో నిత్యము వినబడు మేనరికపు ఎత్తిపొడుపు అక్కడ అనువదించినచో నవ్వు రాదు సరిగదా, తప్పుమాట యగును. నేపాళమున ఠకురీ కులమువారిలో మేనమామ కూతును పెండ్లాడు ఆచారము గలదు గాని, యది మినహాయింపు. అచట పరిహాసమునకు స్థానములు రెండు: వదినె-మఱది, బావ-మఱదలు (అక్కమగడు, భార్య చెల్లెలు అను నర్థమున మాత్రమే). కుమావూనీలో అక్కమగనిని 'భినా' యందురు. 'ఛపేలీ' యను నృత్యగీతములలో పెక్కింటికి భినా-సాలీల సంవాదమే వస్తువు.

పెండ్లివారు తరలిపోయిన రాత్రి వరుని యింట జరుగు 'రత్యాలీ' ఈ సందర్భమున తప్పక స్మరింపదగినది. నేపాలీలో దీనిని 'రత్యౌలీ' యందురు. మగవారందఱును ఊరేగింపుతో పోగా ఇంటిలో మిగిలిన స్త్రీలు రాత్రియంతయు మేల్కొని పాడుదురు, ఆడుదురు; కొందఱు పురుషవేషము ధరించి ఇంటి మగవారినే అనుకరింతురు. కుమావూను హోలీ పండుగలోను స్త్రీల కూటములందు ఇట్టి 'స్వాంగ్' లుండును. మన వియ్యపురాండ్ర పాటలు వియ్యాలవారి యెదుట పాడబడును. వినువారు నొచ్చుకొందురన్న హద్దు వానికి గలదు. రత్యాలీకి ఎదుటివారే లేరు. ఆ హాస్యము మిక్కిలి స్వేచ్ఛగ నుండుటకు కారణమదియే. మన పరిశోధనకు తక్కువగ లభించుటకు కారణమును అదియే. గంగాదత్త ఉప్రేతి కుమావూన్ గఢ్వాల్ సామెతలను 1894లో ప్రకటించెను. ఓక్లీ, తారాదత్త గైరోలాల హిమాలయ జానపద గ్రంథము 1935లో వెలువడినది. ఇరుగ్రంథములును అమూల్యములు, సంగ్రహించినవారందఱును పురుషులు. పురుషుడు గడపదాటి లోనికి రాని రాత్రి వారి పుటలలో వెదకుట వ్యర్థము.

సిమ్లా, సోలన్, సిర్మౌర్ ప్రాంతములలోని 'కరియాలా' యను జానపదనాటకమును గూర్చి ఒక్కమాట. నడుమ మంట వేసి చుట్టును కూర్చున్న జనుల యెదుట రాత్రి ప్రదర్శింతురు. అందు సాధువుల స్వాంగము, దొర-దొరసాని స్వాంగము ముఖ్యములు. సాధువులను గ్రామస్థుడు తత్త్వప్రశ్నలడుగును. వారు మాట విఱిచి వంకరసమాధానములిత్తురు. మన తోలుబొమ్మలాటలోని కేతిగాడు, జుట్టుపోలిగాడు చేయుపని యిట్టిదే గనుక ఎక్కువ వ్రాయుట లేదు. కాఠ్మండు లోయలోని గాయీజాత్రను చేర్పకపోవుటకు కారణము వేఱు: అది నెవారుల పండుగ, వారి భాష టిబెటో-బర్మను కుటుంబమునకు చెందినది.

ఇక ప్రాస విషయము. కుమావూనీ 'న్యోలీ' పాటలు విరహగీతములు; అడవిలో గడ్డికోయుచు, కట్టెలేఱుచు పాడునవి. వానిలో మొదటి పాదమునకు సామాన్యముగ అర్థముతో పనిలేదు. రెండవ పాదమున చెప్పదలచినదానికి ప్రాస సమకూర్చుటకై ఏదియో ఒక ఆకునో పిట్టనో ఊరినో పేర్కొందురు. దీనిని 'జోడ్' కలుపుట యందురు. గఢ్వాలీ 'బాజూబంద్' పాటలలోను ఇదియే నిర్మాణము. గంభీరగీతమున ఈ జోడ్ విశ్రాంతిస్థానము; పరిహాసగీతమున ఉచ్చు. మేళాలలో ఇరువురు గాయకులు ఎదురెదురుగ నిలిచి పాడు 'బైర్' అను వాదగీతమునను, నేపాలీ 'దోహోరీ'లోను, మొదటిపాదము వినగానే శ్రోతలు రాబోవు ప్రాసను ఊహింపసాగుదురు. మాటకారియైన గాయకుడు అందఱును ఊహించిన మోటుమాటవఱకు దెచ్చి, దానిని తప్పించి నిర్దోషమైన మఱొక మాటతో ముగించును. తప్పు శ్రోత మనసులో జరిగినది; గాయకుని నోట లేదు. మన ప్రాస పాదాదియందలి రెండవయక్షరమున నుండుటచే ఈ ఉచ్చు మన పద్యమున పన్నుట కష్టము. అంత్యప్రాసగల జానపదగేయములలో మాత్రము సాధ్యము. బిరుదురాజు రామరాజుగారి తెలుగు జానపదగేయ సాహిత్యము (1958) చూచిన విద్యార్థులు ఈ దృష్టితో మరల చదివినచో ప్రయోజనముండును.

2011 జనాభా లెక్కలలో కుమావూనీ మాతృభాషగ చెప్పుకొన్నవారు సుమారు 20 లక్షలు, గఢ్వాలీ చెప్పుకొన్నవారు 25 లక్షలకు దగ్గఱ. రెండును హిందీ శీర్షికక్రిందనే లెక్కింపబడినవి. నేపాలీ 1992లో రాజ్యాంగపు ఎనిమిదవ అనుసూచియందు చేరినది; ఈ రెండు భాషలును చేరలేదు. యునెస్కో వీనిని ముప్పునకు లోనుకాగల భాషలలో చేర్చినది. 2011 తరువాత ఉత్తరాఖండమున 734 గ్రామములు నిర్జనములైనవని ఆ రాష్ట్రపు వలసల కమిషను 2018 నివేదికలో తెలిపినది. పొయ్యిచుట్టు మనుష్యులు లేనిచోట ఆణ్ చెప్పువాడుండడు. పట్నమున పెరిగిన బిడ్డకు హిందీలో చెప్పినచో గుఱ్ఱముల పొడుపు నిలుచును. హిసాలూ నిలుచును, రిసాలూ నిలుచుట సందేహము. అనగా, విషయముపై నాధారపడిన హాస్యము భాషను దాటును. శబ్దముపై నాధారపడినది దాటదు. సంగ్రాహకుడు ముందుగ వ్రాసికొనవలసినది దాటనిదానినే. ఉప్రేతి గ్రంథముగాని, మన కార్ దొర 1868లో ప్రకటించిన ఆంధ్రలోకోక్తిచంద్రికగాని, ఎవరు ఎవరితో ఆ మాట యనిరో చెప్పవు. వదినె మఱదితో నన్నమాటయు, అత్త కోడలితో నన్నమాటయు పుస్తకమున ఒక్కటిగనే కనుపించును.

చివర నొక్క యుదాహరణము. మకరసంక్రాంతికి కుమావూనులో 'ఘుఘుతియా' పండుగ. గోధుమపిండి, బెల్లము కలిపి వేయించిన 'ఘుఘుత్' లను దండగ్రుచ్చి పిల్లలు మెడలో వేసికొని, తెల్లవారుజామున కాకులను పిలుతురు. ఆ పిలుపులో బేరమున్నది. కాకికి మినపగారె (బడ్) నిచ్చి బంగారు కడవ (ఘడ్) నడుగుదురు. డాలు ఆకారపు పిండివంట (ఢాల్) నిచ్చి బంగారుపళ్లెము (థాల్) నడుగుదురు. పూరీ నిచ్చి బంగారు ఛురీ, అనగా కత్తి, నడుగుదురు. అడుగువానికి కత్తితో పనియున్నదా లేదా యన్న విచారము లేదు. ఇచ్చినవస్తువునకు ప్రాస యేదో అదియే ధర. దీనిని తెలుగుచేయ బూనినప్పుడు 'పూరి-ఛురిక' కొంత నిలుచును. 'డాలు-పళ్లెము' చెడును. 'గారె' యనగానే 'బంగారము' వచ్చి చేరును గాని కడవ జాఱిపోవును. తెలుగుకాకి లోహము నిచ్చును, పాత్ర నీయదు. కడవయే కావలెనన్నచో గారె నాపి వడ పెట్టవలయును.